స్నేహితుడి పొలంలోకి నెట్‌వర్క్ దారి

స్టార్‌డ్యూ వ్యాలీ ఒక వ్యవసాయ వీడియో గేమ్. తాత వదిలి వెళ్లిన పాడుబడ్డ పొలానికి మనవడో మనవరాలో వచ్చి, రాళ్లూ మోడులూ ఏరి, విత్తనం వేసి బాగుచేసుకోవడం దీని కథ. అమెరికాకు చెందిన ఎరిక్ బరోన్ బొమ్మలు, సంగీతం, ప్రోగ్రామింగ్, సంభాషణలు అన్నీ ఒక్కడే తయారుచేసి, నాలుగేళ్లకు పైబడిన శ్రమ తర్వాత 2016 ఫిబ్రవరి 26న దీన్ని విడుదల చేశాడు. అప్పటికి ఇది ఒక్కరే ఆడే ఆట. 2018 ఆగస్టు 1న కంప్యూటర్లకు వచ్చిన 1.3 వెర్షన్‌తో నలుగురు కలిసి ఒకే పొలం సాగుచేసే వీలు ఏర్పడింది. 2020 డిసెంబరులో వచ్చిన 1.5 వెర్షన్ ఒకే తెరను పంచుకుని ఆడే సదుపాయం ఇచ్చింది. 2024 మార్చి నాటి 1.6 వెర్షన్ కంప్యూటర్లలో కలిసి ఆడేవారి సంఖ్యను ఎనిమిదికి పెంచింది.

స్నేహితుడి పొలంలో చేరడమంటే తెర మీద రెండు మూడు బటన్లు నొక్కడమే. ఆ నొక్కుల వెనుక జరిగేది అర్థం కావాలంటే ముందు ఒక సంగతి తెలియాలి. నలుగురి తెరల మీద కనిపిస్తున్నా ఆ పొలం నిజానికి ఒక్కచోటే ఉంటుంది. ఆట మొదలుపెట్టిన వ్యక్తి, అంటే హోస్ట్, వాడుతున్న కంప్యూటరే దాని స్థలం. ఏ మడిలో ఏ మొక్క ఉంది, ఏ ఆవుకు ఎంత వయసు, పెట్టెలో ఎన్ని గుమ్మడికాయలున్నాయి, డబ్బెంత అనే లెక్కంతా అక్కడే ఉంటుంది. చేరినవారి యంత్రాలు ఆ లెక్కకు నకళ్లు ఉంచుకుని, మార్పు వచ్చినప్పుడల్లా సరిదిద్దుకుంటాయి. అందరికీ ఉమ్మడిగా ఎక్కడో ఒక కంపెనీ సర్వర్ నడుస్తోందనుకోవడం పొరపాటు. ఈ ఆటకు అలాంటి సర్వర్ లేదు. చేరికలో ఎదురయ్యే ప్రతి నియమానికీ, ప్రతి ఇబ్బందికీ మూలం ఇదే.

మొదటి నియమం ఇంటి గురించి. చేరే ప్రతి ఆటగాడికీ హోస్ట్ పొలంలో ఒక క్యాబిన్ ఉండాలి. కొత్త ఆట మొదలుపెట్టేటప్పుడే కావలసినన్ని క్యాబిన్లు పెట్టుకోవచ్చు, లేదా తర్వాత ఊరి వడ్రంగి రాబిన్ చేత కట్టించుకోవచ్చు. ఖాళీ క్యాబిన్ లేకపోతే కొత్తవారికి చోటు లేదు. క్యాబిన్ కేవలం పడుకునే గది కాదు. చేరిన వ్యక్తి రూపం, సంచిలోని వస్తువులు, నైపుణ్యాల స్థాయి, ఊరివాళ్లతో స్నేహాలు ఆ క్యాబిన్ పేరు మీదే హోస్ట్ సేవ్ ఫైల్‌లో నమోదవుతాయి. క్యాబిన్‌ను కూల్చివేస్తే ఆ పాత్ర కూడా చెరిగిపోతుంది. ఏళ్ల తరబడి కలిసి ఆడుతున్న పొలంలో స్థలం కోసమని క్యాబిన్ తీసేయించే ముందు హోస్ట్ రెండుసార్లు ఆలోచించాలి.

రెండోది వెర్షన్. అందరి దగ్గరా ఒకే వెర్షన్ ఉండాలి. రెండు కంప్యూటర్ల మధ్య వెళ్లే సందేశాల్లో మాటలుండవు, ఫలానా స్థానంలో ఫలానా విలువ అనే అంకెల వరుస ఉంటుంది. కొత్త వెర్షన్‌లో ఆ వరుస మారితే పాత వెర్షన్‌కు అది అర్థం కాదు. అందుకే ఆట చేరికను అక్కడే ఆపేస్తుంది. విండోస్, మ్యాక్, లినక్స్ కంప్యూటర్లు పరస్పరం కలిసి ఆడగలవు. కంప్యూటర్‌కూ నింటెండో స్విచ్ వంటి గేమ్ యంత్రాలకూ మధ్య మాత్రం ఈ ఆటలో దారి లేదు. మోడ్‌లు, అంటే ఇతరులు ఆటకు తయారుచేసే చేర్పులు, వాడేవారికి మరో జాగ్రత్త కావాలి. కొత్త పంటలు, కొత్త వస్తువులు తెచ్చే మోడ్‌లు అందరి దగ్గరా ఒకేలా ఉండాలి. స్విట్జర్లాండ్‌కు చెందిన జెయింట్స్ సాఫ్ట్‌వేర్ వారి ఫార్మింగ్ సిమ్యులేటర్ ఆటలో ఈ షరతు ఇంకా కఠినం. హోస్ట్ వాడుతున్న మోడ్‌లు చేరేవారి దగ్గర లేకపోతే అసలు లోపలికే రానివ్వదు.

ఇక అసలు చిక్కు, ఆ ఒక్క కంప్యూటర్‌ను ఇంటర్నెట్ మీద వెతికి పట్టుకోవడం. ఒకే ఇంట్లో ఒకే వైఫై మీద ఉన్న ఇద్దరికి ఇది తేలిక. ఆట మెనూలో కో-ఆప్ తెరిచి, జాయిన్ భాగంలోకి వెళితే లాన్ గేమ్‌గా అవతలి పొలం దొరుకుతుంది. వేరే ఊళ్లలో ఉన్నప్పుడు అడ్డం వచ్చేది చిరునామా. ఇంటర్నెట్ మొదటినుంచీ వాడుతున్న ఐపీవీ4 చిరునామా 32 బిట్లది, కాబట్టి మొత్తం చిరునామాలు సుమారు 430 కోట్లే. ప్రపంచంలోని ఫోన్లకు, కంప్యూటర్లకు, టీవీలకు అవి చాలవు. అందుకని ఇంటి రౌటర్ ఒక్క బయటి చిరునామా తీసుకుని, లోపలి పరికరాలకు 192.168 తో మొదలయ్యే సొంత నంబర్లు పంచుతుంది. ఈ పద్ధతిని న్యాట్ అంటారు. రౌటర్ ఇక్కడ అపార్ట్‌మెంట్ గేటు దగ్గరి వాచ్‌మన్ వంటిది. లోపలివారు బయటినుంచి తెప్పించుకున్నది ఏ ఫ్లాట్‌దో అతనికి గుర్తుంటుంది. ఎవరూ చెప్పకుండా బయటినుంచి వచ్చిన మనిషిని మాత్రం ఎవరింటికి పంపాలో తెలియక గేటు దగ్గరే ఆపేస్తాడు. స్నేహితుడి పొలంలో చేరాలని వచ్చిన సందేశం సరిగ్గా ఆ రెండో రకం.

దీనికి పాత విరుగుడు పోర్ట్ ఫార్వర్డింగ్. స్టార్‌డ్యూ వ్యాలీ నేరుగా ఐపీ చిరునామాతో చేరేవారి కోసం 24642 నంబరు పోర్టు, అంటే కంప్యూటర్‌లో సందేశాలు వచ్చే ఒక తలుపు, మీద యూడీపీ అనే సందేశ పద్ధతిలో ఎదురుచూస్తుంది. ఆ పోర్టుకు వచ్చినవాటిని ఫలానా కంప్యూటర్‌కు పంపమని హోస్ట్ తన రౌటర్‌లో రాసిపెట్టుకోవాలి. కంప్యూటర్‌లోని ఫైర్‌వాల్ కూడా ఆటను అనుమతించాలి. తర్వాత హోస్ట్ తన బయటి చిరునామాను స్నేహితుడికి చెబితే సరిపోతుంది.

మన దేశంలో చాలా కనెక్షన్ల మీద ఈ ఉపాయం పనిచేయదు. మొబైల్ డేటాలోనూ, అనేక బ్రాడ్‌బ్యాండ్ కనెక్షన్లలోనూ రౌటర్‌కు సైతం సొంత బయటి చిరునామా ఉండదు. ఒకే చిరునామా వెనుక ఎందరో వినియోగదారులను ఇంటర్నెట్ కంపెనీయే దాచి ఉంచుతుంది. దీని పేరు క్యారియర్ గ్రేడ్ న్యాట్. ఇంటి రౌటర్‌లో ఎన్ని మార్పులు చేసినా కంపెనీ దగ్గరున్న గేటు తెరుచుకోదు. ఇది పోల్చుకోవడానికి సులువైన గుర్తు ఉంది. రౌటర్ పేజీలో కనిపించే బయటి చిరునామా 100.64 నుంచి 100.127 లోపు అంకెలతో మొదలైతే ఆ కనెక్షన్ ఈ రకందే. ఆ చిరునామాల గుంపును 2012లో ప్రత్యేకించి ఈ పనికే కేటాయించారు. కొన్ని కంపెనీలు ఇదే పనికి 10 తో మొదలయ్యే చిరునామాలు కూడా వాడతాయి. తప్పు తమదే అనుకుని గంటలకొద్దీ రౌటర్‌తో కుస్తీ పట్టేవారికి ఈ ఒక్క గుర్తు బోలెడు సమయం మిగులుస్తుంది.

ఇన్వైట్ కోడ్ పుట్టింది ఈ ఇబ్బంది తీర్చడానికే. హోస్ట్ ఆట తెరవగానే, గేములు అమ్మే స్టీమ్ వంటి సేవలో ఒక లాబీ, అంటే ఆటగాళ్లు కలుసుకునే చోటు, ఏర్పడుతుంది. స్నేహితుల జాబితాలో ఉన్నవారికి ఆ పొలం నేరుగా కనిపిస్తుంది. లేనివారికి హోస్ట్ తన తెర మీద కనిపించే చిన్న కోడ్‌ను వాట్సాప్‌లోనో ఫోన్‌లోనో చెబితే, వారు దాన్ని జాయిన్ భాగంలో టైపు చేస్తారు. హోస్ట్, అతిథి ఇద్దరి కంప్యూటర్లూ అప్పటికే ఆ సేవతో మాట్లాడుతున్నాయి. రెండూ తమంతట తామే బయటికి వెళ్లినవి కాబట్టి ఏ రౌటరూ వాటిని ఆపలేదు. మధ్యనున్న సేవ ఒకరి చిరునామా, పోర్టు మరొకరికి అందిస్తుంది. ఇద్దరూ ఒకే సమయంలో ఎదుటివారివైపు ప్యాకెట్లు, అంటే సమాచారపు ముక్కలు, పంపుతారు. బయటికి వెళుతున్న ప్యాకెట్‌ను చూసిన ప్రతి రౌటరూ, తర్వాత అటునుంచి వచ్చినదాన్ని దానికి జవాబుగా భావించి లోపలికి వదులుతుంది. అలా రెండు గోడల్లోనూ ఒకేసారి కన్నం పడుతుంది. అదీ కుదరని కనెక్షన్లకు రిలే సర్వర్లున్నాయి. ఆట తాలూకు ప్యాకెట్లన్నీ వాటి మీదుగా వెళతాయి. దారి కాస్త చుట్టు అవుతుంది, చేరిక మాత్రం ఖాయం. చాలామందికి ఇన్వైట్ కోడే సరైన మార్గం, పోర్టుల జోలికి వెళ్లవలసిన అవసరం లేదు.

దారి దొరికాక హోస్ట్ కంప్యూటర్ పొలం స్థితిని మొత్తంగా ఒకసారి పంపుతుంది. ఆ తర్వాత మారినవి మాత్రమే వెళతాయి. ఒక మొక్కకు నీళ్లు పోస్తే ఆ ఒక్క మడి తడిసిందన్న కబురు వెళుతుంది, పొలమంతా మళ్లీ వెళ్లదు. చేరినవారి దగ్గర పొలం, ఇళ్లు వంటి కొన్ని చోట్లు ఎప్పుడూ తాజాగా ఉంటాయి. ఊళ్లోని మిగతా చోట్లు ఆ ఆటగాడు అడుగుపెట్టినప్పుడే అందుతాయి. గనిలో తవ్వుతున్నవారికి సముద్రపు ఒడ్డున ఏం జరుగుతోందో తెలియాల్సిన పని లేదు కదా. మామూలు ఇంటి కనెక్షన్ మీద కూడా ఈ ఆట హాయిగా నడవడానికి ఈ పొదుపు ముఖ్య కారణం.

ఇద్దరు ఒకే వస్తువు మీద చేయి వేస్తే ఏమవుతుందన్నది కంప్యూటర్ శాస్త్రంలో పాత సమస్య. పెట్టెలో ఒకే ఒక పుచ్చకాయ ఉంది, ఇద్దరు ఆటగాళ్లు ఒకే క్షణంలో దాన్ని తీసుకున్నారనుకుందాం. ఎవరి నకలు ప్రకారం చూసినా కాయ అక్కడ ఉంది, కాబట్టి ఇద్దరికీ ఒక్కొక్కటి దక్కి, ఒక కాయ రెండవుతుంది. దీన్ని నివారించడానికి స్టార్‌డ్యూ వ్యాలీ పెట్టెకు తాళం పద్ధతి పెట్టింది. పెట్టె తెరవాలనుకున్న ఆటగాడి యంత్రం ముందు హోస్ట్‌ను అనుమతి అడుగుతుంది. హోస్ట్ ఒక్కరికే ఇస్తుంది. ఆ వ్యక్తి మూసేదాకా రెండోవారికి పెట్టె తెరుచుకోదు. బ్యాంకుల డేటాబేస్‌లలో ఒకే ఖాతా నుంచి రెండుచోట్ల ఒకేసారి డబ్బు తీసుకోకుండా కాపాడేది కూడా ఇదే సూత్రం.

అనుమతి అడిగి జవాబు వచ్చేలోగా పట్టే సమయమే ఆటగాళ్లు ల్యాగ్ అని విసుక్కునేది. దానికి ఒక కనిష్ఠ పరిమితి ఉంది, దాన్ని ఏ కంపెనీ తగ్గించలేదు. హైదరాబాద్‌లో ఉన్న అక్క పొలంలో డాలస్‌లో ఉన్న తమ్ముడు చేరాడనుకుందాం. భూమి ఉపరితలం మీద రెండు నగరాల మధ్య దూరం సుమారు 14,400 కిలోమీటర్లు. ఆప్టికల్ ఫైబర్ గాజులో కాంతి వేగం సెకనుకు సుమారు 2 లక్షల కిలోమీటర్లు. వెళ్లి రావడానికే 144 మిల్లీసెకన్లు కావాలి. సముద్రగర్భ కేబుళ్లు తిన్నగా ఉండవు, మధ్యలో రౌటర్లుంటాయి, కాబట్టి వాస్తవంలో ఇంతకన్నా ఎక్కువే పడుతుంది. దీన్ని కప్పిపుచ్చడానికి ఆట ఒక తెలివైన పద్ధతి పాటిస్తుంది. ఎవరి పాత్ర నడకను వారి యంత్రమే నడిపిస్తుంది, జవాబు కోసం ఆగదు. చేపలు పట్టే ఆట కూడా పూర్తిగా సొంత కంప్యూటర్‌లోనే జరుగుతుంది, అందుకే నెట్ మందగించినా గాలం చేతికి లొంగుతుంది. మిగతావారి కదలికలు మాత్రం కాస్త ఆలస్యంగా కనబడతాయి. తాపీగా సాగే వ్యవసాయ ఆటలో ఈ ఆలస్యం పెద్దగా బాధించదు. తుపాకీ ఆటలకు అది ప్రాణాంతకం.

అక్కాతమ్ముళ్లకు దీనికన్నా పెద్ద అడ్డంకి గడియారం. హైదరాబాద్‌లో రాత్రి 9 గంటలైతే వేసవిలో డాలస్‌లో అదే రోజు ఉదయం 10.30. ఇద్దరికీ కుదిరేది ఎక్కువగా సెలవు రోజుల్లోనే.

ఆటలోని గడియారానిదీ ఒక ప్రత్యేకత. అక్కడ 10 నిమిషాలు గడవడానికి నిజ జీవితంలో 7 సెకన్లు పడుతుంది. ఉదయం 6 నుంచి రాత్రి 2 దాకా సాగే రోజు 14 నిమిషాల్లో ముగుస్తుంది. ఒంటరిగా ఆడేటప్పుడు మెనూ తెరిస్తే కాలం ఆగుతుంది. కలిసి ఆడేటప్పుడు ఒకరు సంచి తెరిచారని అందరి కాలం ఆపడం కుదరదు, కాబట్టి అది సాగుతూనే ఉంటుంది. కొత్తగా చేరినవారిని ఎక్కువగా తికమకపెట్టేది ఇదే. రోజు ముగియడానికి కూడా అందరి సమ్మతి కావాలి. ప్రతి ఒక్కరూ పక్క ఎక్కితేనే మర్నాడు వస్తుంది, లేదా అర్ధరాత్రి దాటి 2 గంటలకు అందరూ సొమ్మసిల్లుతారు. పైర్లు ఎదగడం, అమ్మకానికి పెట్టిన పంటకు డబ్బు జమకావడం, సేవ్ ఫైల్ రాయడం అన్నీ హోస్ట్ కంప్యూటర్‌లో ఆ రాత్రే జరుగుతాయి. అప్పుడు అన్ని యంత్రాలూ ఒకే చోటికి చేరి ఆగకపోతే లెక్కలు తేడా వస్తాయి.

డబ్బు మామూలుగా ఉమ్మడి. 1.4 వెర్షన్ నుంచి మేయర్ లూయిస్ ఇంట్లోని ఖాతా పుస్తకం ద్వారా వేరు చేసుకోవచ్చు. నైపుణ్యాలు, స్నేహాలు, సంచి ఎవరివి వారివే. ఉమ్మడి డబ్బుతో ఒకరు అందరినీ అడగకుండా పనిముట్లు కొనేస్తే మాటామాటా పెరుగుతుంది. చేరిన మొదటి రోజే ఈ సంగతి తేల్చుకోవడం మంచిది.

సేవ్ రోజు చివర ఒక్కసారే జరుగుతుంది. మధ్యాహ్నం హోస్ట్ ఇంట్లో కరెంటు పోతే ఆ రోజు అందరూ చేసిన పని పోయినట్టే, మళ్లీ ఉదయం 6 నుంచి మొదలుపెట్టాలి. హోస్ట్ ఆట మూస్తే మిగతావారందరూ బయటికి వచ్చేస్తారు. హోస్ట్ లేకుండా చేరినవారు ఆ పొలాన్ని తెరవలేరు, ఎందుకంటే వారి దగ్గర ఉన్నవి నకళ్లే. కంప్యూటర్ పాడైతే పోయేది హోస్ట్ ఒక్కరి కష్టం కాదు, అన్ని క్యాబిన్లవారిదీ. విండోస్‌లో ఈ ఫైళ్లు యాప్‌డేటా, రోమింగ్ ఫోల్డర్‌లో స్టార్‌డ్యూ వ్యాలీ పేరు కింద సేవ్స్‌లో ఉంటాయి. పొలం పేరుతో ఉన్న ఫోల్డర్‌ను హోస్ట్ వారానికొకసారైనా పెన్ డ్రైవ్‌లోకో, చేరిన స్నేహితుల్లో ఒకరి దగ్గరకో కాపీ చేసి పెట్టాలి.