‘అనాన్’ అంటే ‘ఇదిగో’

మా నాన్నగారు తెనాలిలో చిన్న భోజన హోటలు నడిపేవారు. ఎనిమిది బల్లలు, ఇద్దరు సర్వర్లు. మధ్యాహ్నం పన్నెండున్నర దాటిందంటే కోర్టు పని మీద వచ్చినవాళ్ళు, ఎరువుల కొట్టుకి వచ్చిన రైతులు, మ్యాట్నీకి ముందు తినిపోదామనుకునే కుర్రాళ్ళు అందరూ ఒకేసారి వచ్చి కూర్చునేవారు. ఒక బల్ల సాంబారు అంటుంది, ఒక బల్ల పెరుగు అంటుంది, మూలనున్న పెద్దాయన ఉప్పు అడుగుతాడు. వంటింటి గుమ్మం దాకా వెళ్ళిన సర్వర్ బాబాయి వెనక్కి తిరగకుండానే అందరికీ కలిపి ఒకే మాట విసిరేవాడు: “ఇదిగో!”

సెలవు రోజుల్లో నేను గల్లాపెట్టె పక్కన స్టూలు మీద కూర్చుని ఆకులు లెక్కపెట్టేదాన్ని. ‘ఇదిగో’ అంటే ‘ఇది ఇక్కడే ఉంది, చూడు’ అని కదా. సాంబారు మాత్రం ఇంకా పొయ్యి మీదే ఉండేది. బాబాయి అబద్ధం చెబుతున్నాడని నాకు గట్టి అనుమానం.

చాలా ఏళ్ళ తర్వాత ఎం.ఏ. ఇంగ్లీషు చదువుతుండగా ఆ బాబాయి నాకు షేక్స్‌పియర్ నాటకంలో కనిపించాడు. ‘నాలుగో హెన్రీ’ మొదటి భాగం, రెండో అంకం, నాలుగో రంగం. 1598లో అచ్చయిన నాటకం. లండన్‌లో ఈస్ట్‌చీప్ అనే పేటలో ఒక సారాయి హోటలు. అక్కడ పీపాల్లోంచి సారాయి వంచి గదులకు అందించే కుర్రాడి పేరు ఫ్రాన్సిస్. పని నేర్చుకోవడానికి ఒప్పందం మీద చేరాడు, ఇంకా ఐదేళ్ళు అక్కడే చాకిరీ చెయ్యాలి. ఎవరు పిలిచినా అతని నోట వచ్చే జవాబు ఒక్కటే: ‘అనాన్’. ఒక్కోసారి వెంటవెంటనే రెండుసార్లు ‘అనాన్’.

యువరాజు హాల్‌కి పొద్దుపోక ఒక ఆట కడతాడు. స్నేహితుణ్ణి పక్కగదిలోకి పంపి ఫ్రాన్సిస్‌ను పిలుస్తూనే ఉండమంటాడు. తను ఇక్కడ కుర్రాణ్ణి నిలబెట్టి మాటల్లో పెడతాడు. అక్కణ్ణించి పిలుపు, ఇక్కణ్ణించి ప్రశ్న. చివరికి ఇద్దరూ ఒకేసారి కేకేస్తే ఆ పిల్లాడు ఎటు వెళ్ళాలో తెలియక నడిమధ్య కొయ్యబారిపోతాడు. అప్పుడే యజమాని వచ్చి, లోపల అంతగా పిలుస్తుంటే ఇక్కడ నిలబడి చూస్తున్నావేమిటని చీవాట్లు పెడతాడు. క్లాసులో అందరూ నవ్వారు. నాకు నవ్వు రాలేదు. ఇప్పటికీ రాదు. బల్లల మధ్య పరిగెత్తేవాడి అవస్థ తెలిసిన ఇంట్లో పుట్టినదాన్ని.

ఆ రోజునుంచి ‘అనాన్’ను వదల్లేదు. ముప్పై ఏళ్ళు పాఠాలు చెప్పి రిటైరయ్యాక కూడా ఇంగ్లీషులో నాకు అత్యంత ఇష్టమైన క్రియావిశేషణం ఏదంటే ఇదే చెబుతాను. పలికేటప్పుడు ఒత్తు రెండో అక్షరం మీద పడాలి. ‘అ’ను తేలిగ్గా వదిలేసి ‘నాన్’ను నొక్కాలి.

ఇప్పటి నిఘంటువు తీస్తే దీనికి ‘త్వరలో, కాసేపట్లో’ అని ఉంటుంది. పక్కనే ‘పాత వాడుక’ అన్న గుర్తు కూడా ఉంటుంది. కానీ పుట్టినప్పుడు దాని అర్థం అది కాదు. వెయ్యేళ్ళ కిందటి ఇంగ్లీషులో ఇది రెండు మాటలు. మొదటిదానికి ‘లో’ అని, రెండోదానికి ‘ఒకటి’ అని అర్థం. రెండూ కలిస్తే ‘ఒక్కదానిలో’. మన ‘ఒక్క ఉదుటున’, ‘ఒక్కసారిగా’ ఎలా పుట్టాయో అదీ అలాగే పుట్టింది. మధ్యలో విరామం లేకుండా, అప్పటికప్పుడు అని భావం. పద్నాలుగో శతాబ్దం చివర కాంటర్బరీ కథలు రాసిన చాసర్ దగ్గర ఈ మాట అడుగడుగునా తగులుతుంది. అక్కడ ఎవరైనా ‘అనాన్’ లేచారంటే నిజంగానే లేచారు. రెండు వందల ఏళ్ళు గడిచి షేక్స్‌పియర్ కాలానికి వచ్చేసరికి ఆ లేవడంలో బద్ధకం చొరబడింది.

ఈ తేడా నాకు పుస్తకాల్లోకంటే ఒక విద్యార్థిని వల్ల బాగా అర్థమైంది. ఒక ఏడాది డిగ్రీ పిల్లలకి మాక్బెత్ చెబుతున్నాను. రాజు హత్య జరిగిన తెల్లవారుజామున కోట తలుపు దబదబా కొడుతుంటారు. తాగిన మత్తులో ఉన్న కావలివాడు తీరిగ్గా తనలో తాను ఏదేదో మాట్లాడుకుని, చివరికి ‘అనాన్’ అంటూ కదులుతాడు. ‘వస్తున్నా, వస్తున్నా’ అని చెప్పాను. ముందు బెంచీలో కూర్చునే అమ్మాయి లేచి, “మేడమ్, మా ఇంగ్లీషు బైబిల్లో కూడా ఈ మాట ఉంది. కానీ మా నాయనమ్మ తెలుగు బైబిల్లో అదే చోట ‘వెంటనే’ అని ఉంది. ఏది సరైనది?” అని అడిగింది.

మర్నాడు రెండు పుస్తకాలూ తెచ్చింది. ఇంగ్లీషుది 1611లో జేమ్స్ రాజు ఆజ్ఞతో తయారైన అనువాదం. మార్కు సువార్త మొదటి అధ్యాయంలో సీమోను అత్త జ్వరంతో పడుకుని ఉంటే ఆ సంగతి యేసుకి ‘అనాన్’ చెప్పారని ఉంది. తెలుగులో అదే చోట ‘వెంటనే’. తెలుగే సరైనదని ఆ అమ్మాయికి చెప్పాను. మార్కు తన కథను పరుగెత్తిస్తాడు. ఆయన గ్రీకులో ‘వెంటనే’ అన్న మాట సుమారు నలభై చోట్ల వస్తుంది. 1611 నాటి పండితులు బైబిల్లో ‘అనాన్’ను పాత బలంతోనే వాడారు. అంతకు పదమూడేళ్ళ ముందే అచ్చయిన నాటకంలో ఫ్రాన్సిస్ ‘అనాన్’ కాసేపటికి వాయిదా పడిపోయింది. బడి పలుకుబడి ఒకలా, బజారు పలుకుబడి మరోలా ఉన్న కాలం అది.

అదే సువార్త ఆరో అధ్యాయంలో ఇంకా పదునైన సాక్ష్యం దొరుకుతుంది. హేరోదు ముందు నాట్యమాడిన అమ్మాయి బాప్తిస్మమిచ్చే యోహాను తలను పళ్ళెంలో పెట్టి ఇప్పించమంటుంది. ఎప్పుడు? 1611 ఇంగ్లీషులో ఉన్న మాట ‘బై అండ్ బై’. ఈనాటి ఇంగ్లీషులో దానికి ‘పోనుపోను, ఎప్పుడో ఒకప్పుడు’ అని అర్థం. ఆ అర్థంతో చదివితే ఆ కోరికలోని క్రూరత్వం అంతా ఆవిరైపోతుంది. అప్పట్లో దానికీ ‘ఇప్పటికిప్పుడు’ అనే అర్థం. తెలుగు బైబిల్లో ‘ఇప్పుడే’ అని ఉంది. తన నాయనమ్మ పుస్తకమే గెలిచిందని ఆ పిల్ల మొహం వెలిగిపోయింది. ఆ వెలుగు నాకింకా గుర్తుంది.

అంటే జారిపోయింది ‘అనాన్’ ఒక్కటే కాదు. ఇంగ్లీషులో ‘తక్షణం’ అని చెప్పడానికి పుట్టిన మాటలు వరసపెట్టి అదే వాలు మీద జారాయి. ఇవాళ మనం బడిలో ‘త్వరలో’ అని నేర్చుకునే ‘సూన్’కి పాత ఇంగ్లీషులో ‘తక్షణమే’ అని అర్థం. ‘ప్రెజెంట్లీ’ కూడా మొదట అంతే. తర్వాత ‘కాసేపట్లో’గా మారింది. మన దేశపు ఇంగ్లీషు పత్రికల్లో ‘ప్రస్తుతం’ అనే అర్థంలో దాన్ని వాడితే కొందరు తప్పు పడతారు. తప్పేమీ కాదు, ఆ అర్థానికీ పాత వేరు ఉంది. ‘డైరెక్ట్లీ’ కథ మరీ విచిత్రం. ఇంగ్లండ్ నైరుతి కొసన ఉన్న కార్న్‌వాల్ ప్రాంతంలో దాన్ని ‘డ్రెక్లీ’ అంటారు. అక్కడ మేస్త్రి ‘డ్రెక్లీ వస్తా’ అన్నాడంటే ఏ రోజు వస్తాడో అడగకూడదు. ‘తిన్నగా’ అని చెప్పే మాట చివరికి అన్నిటికంటే వంకర తిరిగింది.

ఎందుకిలా? నాకు తోచిన కారణం ఇది. పిల్లలు మాటల అర్థాన్ని నిఘంటువులో నేర్చుకోరు. ‘వెంటనే ఇస్తా’ అన్న తర్వాత ఎంతసేపు ఎదురుచూశారో, వాళ్ళకి ‘వెంటనే’ అంటే అంతసేపు. వాళ్ళు పెద్దవాళ్ళయ్యాక ఇంకో రెండు నిమిషాలు కలుపుతారు. అలా తరతరానికీ కాస్త సాగుతుంది. పూర్తిగా సాగిపోయాక జనం కొత్త మాటను వెతుక్కుంటారు. దానికీ అదే గతి.

తెలుగులోనూ ఇది కళ్ళముందే జరుగుతోంది. ‘వెంటనే’లో ఉన్నది ‘వెంట’. ఒకదాని వెనకే ఇంకొకటి, మధ్యలో సందు లేకుండా. ‘తక్షణం’ అంటే ‘ఆ క్షణం’. ‘ఉన్నపళంగా’ అన్నవాడు కట్టుబట్టలతో లేచి రావాలి. ఇవాళ ‘వెంటనే పంపిస్తాం’ అన్న కొట్టతను రెండు రోజులకి పంపినా మనం నొచ్చుకోం. అందుకే ‘వెంటనే’ సరిపోక ‘వెనువెంటనే’ అన్నాం, ‘ఇప్పుడే’ చాలక ‘ఇప్పటికిప్పుడే’ అన్నాం. ఇక ‘ఇదిగో’ సంగతి. రాయలసీమలో ‘ఇదో వస్తాండా’, తెలంగాణలో ‘ఇగో వస్తున్న’, మా వైపు ‘ఇదిగో వచ్చేస్తున్నా’. మూడు చోట్లా చూపుడు వేలే మాటైంది. కళ్ళముందున్న వస్తువుని చూపించే ఆ మాటే ‘ఇదిగో అదిగో అని తిప్పుతున్నాడు’ అనే జాతీయంలో చేరి వాయిదాకి మారుపేరైపోయింది. మా హోటల్లో గల్లాపెట్టె మీద నాన్నగారు అతికించిన ‘నేడు నగదు, రేపు అరువు’ కాగితం కూడా ఈ కుటుంబంలోదే. అందులో ‘రేపు’ రావడానికి కాదు, రాకుండా ఉండడానికి.

చట్టం మాత్రం జారదనుకుంటాం. చట్టాల ఇంగ్లీషులో ‘ఫోర్త్‌విత్’ అనే గట్టి మాటుంది. ‘తక్షణమే’ అని అర్థం. 1956లో బొంబాయిలో ముందస్తు నిర్బంధం కింద కొందరిని పట్టుకున్నారు. నిర్బంధ ఉత్తర్వు ఇచ్చిన పోలీసు కమిషనర్ రాష్ట్ర ప్రభుత్వానికి ‘ఫోర్త్‌విత్’ నివేదిక పంపాలి. ఎనిమిది రోజులకి పంపాడు. కేసు సుప్రీంకోర్టుకి వెళ్ళింది. తప్పించుకోగలిగిన ఆలస్యం లేకుండా చెయ్యడమే ఆ మాటకి అర్థమని, నగరంలో అల్లర్ల మధ్య ఆ ఆలస్యానికి కారణం ఉందని కోర్టు చెప్పింది. తీర్పు సంగతి అలా ఉంచితే, మాటకి గడియారం కట్టడం కోర్టులకి కూడా కష్టమేనని అది చదివినప్పుడు అనిపించింది.

‘అనాన్’ను ఇప్పుడు వాడొచ్చా అని అడిగేవారికి నా సలహా. దరఖాస్తులో, ఆఫీసు ఉత్తరంలో వద్దు. స్నేహితులకి ‘మళ్ళీ కలుద్దాం’ అని చనువుగా రాసేటప్పుడు చివర్లో చక్కగా ఒదుగుతుంది. వ్యాసాల్లో ‘దీని సంగతి తర్వాత’ అని చెప్పడానికి ‘మోర్ ఆఫ్ దిస్ అనాన్’ అనడం ఇంకా బతికే ఉంది. పాత కవిత్వంలో ‘ఎవర్ అండ్ అనాన్’ అని కనిపిస్తే ‘మాటిమాటికీ, ఉండుండి’ అని చదువుకోవాలి. పద్యం కింద కవి పేరుండాల్సిన చోట అచ్చయ్యే ‘అనాన్’ మాత్రం వేరే మనిషి. అది గ్రీకు నుంచి వచ్చిన ‘అనానిమస్’కి పొట్టి రూపం, పేరు తెలియని రచయిత అని అర్థం. ఆ కవి ఏ దేశస్థుడు మేడమ్ అని అడిగిన పిల్లలున్నారు. మంచి ప్రశ్నే. ఆ పేరులేని కవి చాలాసార్లు స్త్రీ అయివుంటుందని వర్జీనియా వుల్ఫ్ 1929లోనే రాసింది.

మళ్ళీ ఫ్రాన్సిస్ దగ్గరికి వస్తాను. పెద్ద నిఘంటువులు ‘అనాన్’కి ‘త్వరలో’తో ఆగవు. పిలుపుకి పనివాడు ఇచ్చే జవాబు అని ఇంకో అర్థం కూడా ఇస్తాయి. అది చదివాకే బాబాయి మీద చిన్ననాటి నా అనుమానం తీరింది. ఆయన చెప్పింది సాంబారు గురించి కాదు. ‘నీ పిలుపు నా చెవిన పడింది, నీ వరస తప్పదు’ అని చెప్పాడు. ఆ మాట కాలాన్ని కొలవదు, మనిషికి భరోసా ఇస్తుంది. ఆ కుర్రాడికి చిలక్కి ఉన్నన్ని మాటలు కూడా లేవని యువరాజు ఎగతాళి చేస్తాడు. నాలుగు గదులు ఒకేసారి కేకలేస్తుంటే ఎవరినీ చిన్నబుచ్చకుండా జవాబు చెప్పగలిగిన మాట ఒక్కటి దొరికితే, రెండోది ఎందుకు?

ఈసారి హోటల్లో కూర్చున్నప్పుడు ‘ఇదిగో’ అని వినిపిస్తే దయచేసి మళ్ళీ పిలవకండి. అతను విన్నాడు.