ఛార్జింగ్ పంపుకి లిథియం బ్యాటరీ వేయాలా? కొనే ముందు మీటరు పెట్టి చూడండి



పోయిన కార్తీకంలో మా కంది నిండు పూత మీద ఉంది. కాయ తొలిచే పురుగు గుడ్లు కనపడ్డాయి. సాయంత్రం నాలుగున్నరకి నీమాస్త్రం వడగట్టుకుని చేలో దిగితే మూడో ట్యాంకు సగంలోనే పంపు మూలుగుతూ ఆగిపోయింది. రెండో పంపు తెస్తే అదీ అంతే. అటూ ఇటూ తిరిగి మళ్లీ కొట్టేసరికి నాలుగు రోజులు గడిచాయి. అప్పటికే గుడ్లు పగిలి పురుగులు కాయలో దూరాయి. పడమటి వైపు ఎకరంన్నరలో గింజ సగానికి సగం పుచ్చే.

రసాయన మందు కొట్టేవాళ్లకి బ్యాటరీ ఆగితే ఒక పూట పని పోతుంది, అంతే. మన సంగతి వేరు. వేపలోని గుణం ఎండకి త్వరగా విరిగిపోతుంది, అందుకే సాయంత్రం కొడతాం. మార్కాపురం, గిద్దలూరు ఎండల సంగతి మీకు నేను చెప్పాలా? మనకి దొరికేది రోజుకి రెండు గంటలే. పైగా కషాయాలు మళ్లీ మళ్లీ కొట్టాలి. అంటే మన బ్యాటరీకి పని ఎక్కువ, టైము తక్కువ.

నా దగ్గర అయిదు ఛార్జింగ్ పంపులున్నాయి. చుట్టుపక్కల ప్రకృతి వ్యవసాయం చేసేవాళ్లకి అద్దెకి కూడా ఇస్తాను. అన్నిట్లోనూ 12 వోల్టులు, 8 ఏహెచ్ లెడ్ బ్యాటరీలే. అయిదింటికీ లిథియం వేసేద్దామని లెక్కేస్తే పదమూడు వేలు దాటింది. డబ్బు తీసే ముందు ఒక మల్టీమీటరు కొన్నా. మూడొందల రూపాయల సరుకు, నాకు మిగిల్చింది మాత్రం వేలల్లో.

పరీక్ష ఎట్లా చేశానో పై వీడియోలో చూపించాను. రాత్రంతా ఛార్జింగ్ పెట్టి, తీసేసి, రెండు గంటలు ఊరికే ఉంచండి. అప్పుడు మీటరు పెడితే మంచి లెడ్ బ్యాటరీ 12.7 దగ్గర చూపిస్తుంది. ఇక్కడితో ఆగిపోకండి, చచ్చిన బ్యాటరీ కూడా ఊరికే ఉన్నప్పుడు 12.6 చూపించి మోసం చేస్తుంది. ట్యాంకులో మంచినీళ్లు పోసి పంపు ఆన్ చేసి, అది నడుస్తుండగానే కొలవండి. పది నిమిషాల తర్వాత కూడా 12కి అటూ ఇటూగా నిలబడితే బ్యాటరీ బాగున్నట్టే. 11 దిగి 10.5 వైపు జారిపోతుంటే దానికి కాలం చెల్లింది.

నా అయిదింట్లో నిజంగా పోయినవి రెండే. మిగతా మూడు పంపుల్లో బ్యాటరీ నిలబడింది గానీ ధార సన్నగా వస్తోంది. విప్పి చూస్తే ఒకదాంట్లో జాలీకి వేపాకు పీచు జిగురులా అతుక్కుని ఉంది. మిగతా రెండింట్లో టెర్మినల్స్ పచ్చగా చిలుం పట్టి ఉన్నాయి. గోమూత్రంలో ఉప్పు ఉంటుంది కదా, కారిన ప్రతి చుక్కా ఆ కనెక్షన్లను తింటుంది. గీకి, శుభ్రం చేసి, కాస్త వ్యాజలిన్ రాస్తే మామూలుగా నడిచాయి. కషాయాన్ని ఒక గుడ్డలో కాకుండా రెండు మడతల పలచని గుడ్డలో వడగట్టమని మా పెద్దమ్మ మూడేళ్లుగా చెబుతూనే ఉంది. డిప్లొమా చదివినోడిని, వింటానా!

ఇక పోయిన ఆ రెండింటి సంగతి. మళ్లీ లెడ్ వేయాలా, లిథియమా? నా పంపు మూడు ఆంపియర్లు లాగుతుంది. 16 లీటర్ల ట్యాంకు ఎనిమిది నిమిషాల్లో అయిపోతుంది. ఎకరానికి ఏడు ట్యాంకులు అనుకుంటే గంట పని, మూడు ఏహెచ్ ఖర్చు. ఎకరం, ఎకరంన్నర ఉన్న రైతుకి 8 ఏహెచ్ లెడ్ హాయిగా సరిపోతుంది, వెయ్యి రూపాయల్లో వస్తుంది. ఒకే సాయంత్రం రెండెకరాలు పైన కొట్టేవాళ్లు మాత్రం దాన్ని రోజూ అడుగంటా పిండుతున్నట్టే. లెడ్ అట్లా తట్టుకోదు. ఆ పనికి లిథియం డబ్బు గిడుతుంది. అద్దెకి తిరిగే రెండు పంపులకీ అందుకే లిథియం వేయాలనుకున్నా.

అక్కడే దెబ్బ తిన్నా. మొదటిది దగ్గర్లోని ఒక దుకాణంలో కొన్నా. మీద 12 ఏహెచ్ అని పెద్ద అక్షరాలు. ఇంటికొచ్చి పాత ఛార్జర్‌కే తగిలించా. గంటన్నరకి కాలిన ప్లాస్టిక్ వాసన. ముట్టుకుంటే చెయ్యి చురుక్కుమంది, లాగేసి వాకిట్లో ఇసుక మీద పెట్టా. తర్వాత కాటాలో వేస్తే 420 గ్రాములు. మామూలు సైజు సెల్ ఒక్కోటి 45 గ్రాములు తూగుతుంది, అంటే లోపల తొమ్మిదికి మించి లేవు. మూడేసి సెల్స్ వరసగా, అట్లాంటివి మూడు వరసలు. ఆ సైజులో మంచి సెల్ కూడా 3.5 ఏహెచ్ దగ్గరే ఉంటుంది, ఇట్లాంటి వాటిలో వేసేది రెండు, రెండున్నర. ఆరేడు ఏహెచ్ సరుకుకి పన్నెండు అని రాశారన్నమాట. లిథియం కొనేటప్పుడు కాటా మీద పెట్టమని అడగండి, సిగ్గుపడొద్దు.

ఛార్జర్ తప్పు మాత్రం నాదే. మూడు సెల్స్ వరస ఉన్న ప్యాక్ 12.6 వోల్టుల దగ్గర నిండుతుంది. లెడ్ ఛార్జర్ 14 దాకా తోస్తుంది. లోపల బీఎంఎస్ అనే రక్షణ బోర్డు ఉంటే ఆపేది, దాంట్లో ఉందో లేదో! రెండోసారి ఐరన్ ఫాస్ఫేట్ రకం తీసుకున్నా. నాలుగు సెల్స్ వరస, 12.8 వోల్టులు, బీఎంఎస్‌తో, 14.6 అని రాసి ఉన్న దాని సొంత ఛార్జర్‌తో. ఈ రకం వేడికి కూడా కాస్త ఓర్చుకుంటుంది. అయినా ఎండలో నుంచి తెచ్చి వెంటనే ఛార్జింగ్ పెట్టను, చల్లారాకే.

దాంట్లో ఒక ఇబ్బంది ఉంది. లెడ్ నీరసపడుతూ ముందే చెబుతుంది. లిథియం చివరి దాకా ఒకే ధార ఇచ్చి, సాలు మధ్యలో టక్కున ఆగిపోతుంది. అద్దెకి తీసుకున్న మామ ఒకాయన పంపు చెడిపోయిందని భుజాన మోసుకొచ్చి నా మీద అరిచి వెళ్లాడు. బరువు విషయంలోనూ పెద్దగా ఆశపడొద్దు. కిలో పైన తగ్గుతుంది గానీ వీపు మీద 16 కిలోల కషాయం అట్లాగే ఉంటుంది.

నిమ్మ కొమ్మలు కత్తిరించే బ్యాటరీ కత్తెరకి పెద్ద ప్యాక్ వేయమన్నారు. వేయలేదు. అది చేతిలో పట్టుకునే పనిముట్టు, బరువు పెరిగితే మధ్యాహ్నానికి మణికట్టు పోతుంది. అదే సైజుది ఇంకోటి కొని జేబులో పెట్టుకుంటున్నా. ఇంకో మాట, డబ్బా మీద 18 వోల్టులు, 20 వోల్టులు, 21 వోల్టులు అని ఉంటే ఎక్కువది బలమైందనుకోకండి. మూడూ అయిదు సెల్స్ వరసే. నడిచే వోల్టేజీ ఒకరు రాస్తారు, నిండుగా ఉన్నప్పటిది ఇంకొకరు రాస్తారు.

పాత లెడ్ బ్యాటరీలు గట్టు మీద పారేయకండి. సీసం మన మట్టిలోకే దిగుతుంది. కొత్తది కొన్న చోటే ఇచ్చేయండి, ఎంతో కొంత ధర కూడా వేస్తారు.

లెడ్ ఉన్న మూడు పంపులకి సంక్రాంతి నుంచి జూన్ దాకా పని ఉండదు. ఇన్నేళ్లూ ఖాళీ బ్యాటరీతోనే అటక ఎక్కించేవాణ్ని, సగం చంపింది అదే. ఈసారి నెలకోసారి, పున్నానికి, నిండుగా ఛార్జింగ్ పెడుతున్నా. తొలకరికి మళ్లీ మీటరు పెట్టి ఆ రీడింగులు వీడియోలో చూపిస్తా.