సున్నం లేని గోడలు, ఊరేగే దేవతలు

1905 ఏప్రిల్ 4 ఉదయం హిమాచల్‌లోని కాంగ్రా లోయ దద్దరిల్లింది. 7.8 తీవ్రతతో వచ్చిన ఆ భూకంపం ఇరవై వేల మందికి పైగా జనాన్ని పొట్టన పెట్టుకుంది. వందల ఏళ్ల కాంగ్రా కోట శిథిలమైంది. యాత్రికులు తరలివచ్చే వ్రజేశ్వరీ దేవి ఆలయం కూలిపోయింది. ఇప్పుడున్నది తర్వాత కట్టింది. అదే భూకంపం తూర్పున కులు, సరాహన్ కొండల్లోని ఎత్తైన దేవాలయ బురుజులనూ ఊపింది. బంజార్ దగ్గర చైనీ గ్రామంలోని బురుజు పై అంతస్తులు కొన్ని పోగొట్టుకుంది. సరాహన్ భీమాకాళీ ఆలయ బురుజు ఒక పక్కకు ఒరిగింది. కానీ రెండూ నిలబడ్డాయి, ఇప్పటికీ నిలబడే ఉన్నాయి. భూకంప కేంద్రానికి దూరంగా ఉండడం ఇందుకు కొంత కారణం. మిగతా కారణం ఆ గోడల్లోనే ఉంది.

ఈ కట్టుబడిని అక్కడివాళ్లు కాఠ్‌కుణీ అంటారు. ఒక్క వరుస ఎలా వేస్తారో చూస్తే చాలు, మిగతాదంతా అర్థమవుతుంది. గోడ వెలుపలి అంచున ఒక దేవదారు దూలం, లోపలి అంచున మరొకటి సమాంతరంగా పరుస్తారు. కొంత కొంత దూరంలో ఆ రెంటినీ కలుపుతూ అడ్డంగా చెక్కముక్కలు బిగిస్తారు. వీటిని మాన్వీలంటారు. ముక్క కొసలు వెడల్పుగా, నడుము సన్నగా ఉంటుంది; దూలంలో తొలిచిన గాడిలో అది కూర్చుందంటే ఏ పక్కకు లాగినా ఊడిరాదు. అంతా బిగించాక పైనుంచి చూస్తే నేలమీద పడుకోబెట్టిన నిచ్చెనలా ఉంటుంది. మధ్య ఖాళీలో రాతిముక్కలు కూరుతారు. ఆ పైన చెక్కిన రాళ్ల వరుస, దాని మీద మళ్లీ దూలాల జత. మూల దగ్గర ఒక గోడ దూలాల మీద పక్కగోడ దూలాలు ఎక్కి కూర్చుంటాయి. వాటిని కొయ్యచీలతో కలిపి బిగిస్తారు. సున్నం లేదు, అడుసు లేదు, ఇనుప మేకు లేదు.

మామూలు రాతిగోడ భూకంపంలో ఎలా కూలుతుందో తెలిస్తే ఈ అమరిక విలువ తెలుస్తుంది. మందపాటి రాతిగోడ చూడడానికి ఒకటే గోడ. నిజానికది లోపలొకటి, బయటొకటిగా పేర్చిన రెండు పొరలు. నేల ఊగేసరికి ఆ పొరలు విడిపోతాయి, బయటిది ఉబ్బి జారిపోతుంది. అటు మూలల్లో రెండు గోడలు నెర్రెవిచ్చి వేరవుతాయి, కప్పు మీద పడుతుంది. నిద్రలో ఉన్నవాళ్లను చంపేది ఇదే. రాయి నొక్కుడును ఎంతైనా ఓర్చుకుంటుంది, లాగుడును ఓర్చుకోలేదు. లాగుడును ఓర్చుకునేది కర్ర. మాన్వీలు రెండు పొరల్నీ విడిపోనివ్వవు, మూల చీలలు గోడల్ని ఒకదాన్నొకటి వదలనివ్వవు. రాతిగోడలో మందమంతా పట్టే పొడవాటి రాళ్లు వేయమని, ఇంటి చుట్టూ అడ్డపట్టీ తిప్పమని మన భూకంప నిర్మాణ ప్రమాణాలు ఈనాడు చెబుతున్నాయి. కాఠ్‌కుణీలో ఆ పట్టీ ప్రతి కొన్ని అంగుళాలకూ ఒకటుంది.

సున్నం వేయకపోవడం వెనుకా లెక్క ఉంది. కుదుపు వచ్చినప్పుడు ఈ గోడలో రాళ్లు తమ చోటులోనే కాస్త కాస్త జరుగుతాయి. ఆ రాపిడిలో భూకంప శక్తి కొంత వేడిగా మారి ఖర్చైపోతుంది. బిగుసుకుపోయిన గోడకు ఆ వెసులుబాటు లేదు. పట్టలేనంత బలం పడితే పగలడమే దాని దారి. కింద రాయి ఎక్కువ, పైకి పోయే కొద్దీ కర్ర ఎక్కువ కాబట్టి బరువు నేలకు దగ్గరగా ఉంటుంది. కప్పు మీద పలకరాళ్లున్నాయి కదా, అవి బరువే కదా అంటే, బరువే. పైన బరువు ఊపును పెంచుతుంది, నిజం. అయితే అదే బరువు కింది వరుసల్ని అదిమి పట్టి ఘర్షణను పెంచుతుంది, కొండగాలికి కప్పు లేచిపోకుండా చూస్తుంది. అన్నీ కలిసొచ్చే నిర్మాణం ఎక్కడా ఉండదు. కట్టినవాళ్లు దేనికి ఏది వదులుకోవాలో తెలిసి కట్టారన్నదే నన్ను ఆకట్టుకుంటుంది.

గోడ సంగతి ఇంతవరకే అయితే ఇది వాస్తుశిల్పం కథగా ముగిసేది. కానీ కర్ర ఎంత గట్టిదైనా ఎప్పుడో ఒకప్పుడు పుచ్చుతుంది. దాన్ని మార్చాలంటే పెద్ద చెట్టు కావాలి, పనివాళ్లు కావాలి, ఖర్చు కావాలి, ఊరంతా ఒక మాట మీదికి రావాలి. ఆ కొండల్లో ఈ నాలుగింటినీ సమకూర్చేది దేవతే. ప్రతి దేవతకూ సొంత భండారం ఉంటుంది, లెక్కలు చూసే కార్దార్ ఉంటాడు, వాద్యకారులు ఉంటారు. దేవత మాట పలికే గూర్ ఉంటాడు. బోనాల్లో రంగం చూసినవాళ్లకు గూర్ గురించి వేరే చెప్పనక్కర్లేదు. పూనకంలో అతని నోట వచ్చిందే దేవత ఆజ్ఞ. చాలా చోట్ల గుడి చుట్టూ దేవతకు చెందిన దేవదారు వనం ఉంటుంది. అందులో కొమ్మ విరవాలన్నా గూర్ ద్వారా అనుమతి రావాలి. ఒక తరం ముట్టని చెట్టు నాలుగు తరాల తర్వాత గుడి దూలమవుతుంది.

ఈ దేవతలు గుడిలో కూర్చుండిపోరు. లోహపు ముఖాలు పొదిగిన పల్లకీలో, భుజాల మీద కొండలు దాటి వెళతారు, చుట్టాల్ని పలకరించినట్టు మరో దేవతను పలకరిస్తారు. విజయదశమి నాడు మొదలై ఏడు రోజులు సాగే కులు దసరాకు వందలాది పల్లకీలు ఢాల్‌పూర్ మైదానానికి చేరతాయి. మనాలి నుంచి హిడింబ రాకుండా ఆ ఉత్సవం మొదలు కాదు. కులు రాజవంశం ఆమెను నాయనమ్మగా భావిస్తుంది. మాయాబజార్ పుణ్యాన ఘటోత్కచుడి తల్లిగా మనకు తెలిసిన హిడింబే ఆమె. దేవదారు అడవి నడుమ ఆమె గుడిని 1553లో రాజా బహదూర్ సింగ్ కట్టించాడు. గర్భగుడిలో పెద్ద బండ ఉంటుంది, దాన్ని తొలగించకుండా దాని చుట్టూనే గుడి లేపారు. ఒకదానిపై ఒకటిగా నాలుగు కప్పులు, అన్నిటికీ పైన లోహపు కప్పు. మంచు అక్కడ నిలవకుండా జారిపోతుంది.

ఈ వ్యవస్థను పొగిడేవాళ్లు తరచుగా దాటేసే విషయం ఒకటుంది. గుడి కట్టే చేతులు, దేవత ముందు డోలు వాయించే చేతులు చాలావరకు దళిత కులాలవి. కులులో వడ్రంగం, రాతిపని రెండూ చేసే థావీలే ఈ గోడల అసలు ఇంజనీర్లు. తాము బిగించిన గుమ్మం దాటి లోపలికి పోవడానికి ఆ కులాలవారికి అనుమతి లేని గుళ్లు ఇప్పటికీ ఉన్నాయి. వాళ్ల పనితనాన్ని వారసత్వమని గర్వంగా చెప్పుకుంటూ ఆ గడప సంగతి మాట్లాడకపోవడం నాకు న్యాయంగా తోచదు.

ఈ పనికి కావలసిన దేవదారును బ్రిటిషు వాళ్లు రైలు పట్టాల కింద పరిచే దిమ్మెల కోసం విపరీతంగా నరికి నదుల్లో తేలగొట్టారు. తర్వాత అడవి ప్రభుత్వం చేతికి వెళ్లింది. ఇవాళ సామాన్యుడు ఇల్లంతా దేవదారుతో కట్టుకోలేడు. సిమెంటు దిమ్మెలు, ఇనుప రేకులతో ఇళ్లు లేస్తున్నాయి. ఏటవాలు కొండమీద స్తంభాలపై నిలబెట్టిన కాంక్రీటు అంతస్తుల్లో చాలా వాటికి ఇంజనీరు లెక్క లేదు, ఇనుప చువ్వల కట్టు కూడా సరిగా లేదు. అదంతా భూకంపాలకు పేరుపడ్డ నేల. కాఠ్‌కుణీ పని ఎక్కువగా గుళ్ల మరమ్మతులకే మిగిలింది కాబట్టి, థావీ కుర్రవాడు మాన్వీ తొలచడం నేర్చుకోవాలంటే ఏదో ఒక ఊరి దేవత తన గుడిని విప్పి మళ్లీ కట్టమని ఆజ్ఞ ఇవ్వాలి. అక్కడే గాడి ఎంత లోతు తీయాలో, చీల ఏ పక్క నుంచి కొట్టాలో తండ్రి పక్కన నిలబడి నేర్చుకుంటున్నాడు.