అపస్వరమును గూడ అక్కున జేర్చిన గానము

కథలలో మనము చదువు సంగీతము చెవికి వినబడదు. రచయిత వర్ణించును, పాఠకుడు భావించును, అంతటితో సరి. అట్టి అశ్రుతగానములలో నా దృష్టికి అగ్రగణ్యమైనది ‘ఐనులిందలే’. ఆంగ్ల రచయిత జె.ఆర్.ఆర్. టోల్కీన్ తాను కల్పించిన జగత్తునకు సృష్టిగాథగా వ్రాసిన ఈ కొలది పుటలలో, దేవగణములన్నియు ఒక్క సన్నిధిని సమావేశమై, ఒక విశ్వము యొక్క సమస్త చరిత్రమును ముందుగనే గానము చేయుట వర్ణితమైనది. దానికి స్వరలిపి లేదు. అది ఏ రాగచ్ఛాయను పోలియుండునో ఎవ్వరును చెప్పలేరు. అయినను దాని నడక, దాని ఆరోహము, అందు పుట్టిన విరోధము, ఆ విరోధము పొందిన పరిణామము సంగీతజ్ఞుడు వ్రాసినంత స్పష్టముగా మన మనస్సునకు గోచరించును.

‘హాబిట్’ (1937), ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ (1954–55) అను గ్రంథముల వలనను, వాని ఆధారముగా వచ్చిన చలనచిత్రముల వలనను టోల్కీన్ నామము మన పాఠకులలో పెక్కుమందికి పరిచితమే. కాని ఈ గాథ వానికంటె ప్రాచీనము. 1916లో ఫ్రాన్సునందలి సోమ్ నదీప్రాంతమున జరిగిన ఘోరసంగ్రామమున పాల్గొని, కందకములలో ప్రబలిన జ్వరమునకు లోనై స్వదేశమునకు మరలినవాడును, ఆ యేటనే తన ఆప్తమిత్రులలో ఇరువురను యుద్ధమున కోల్పోయినవాడును అగు ఆ యువకుడు, సంధి కుదిరిన పిమ్మట ఆక్సుఫర్డు చేరి, ఆంగ్లభాషా మహానిఘంటు కార్యాలయమున పదముల పుట్టుపూర్వోత్తరములను వెదకుచు ఉద్యోగము చేయుచున్న దినములలో దీని తొలిరూపము వెలసినది. 1930లలోను 1940లలోను ఆయన దీనిని మరల మరల తిరుగవ్రాసెను. 1973లో ఆయన మరణించునాటికిని ఇది అచ్చుమొగము చూడలేదు. కుమారుడు క్రిస్టఫర్ తండ్రి వ్రాతప్రతులను పరిష్కరించి 1977లో ప్రకటించిన ‘సిల్మరిల్లియన్’ గ్రంథమునకు ఇదియే ప్రథమభాగము.

ఆదియందు ఏరు అను ఏకేశ్వరుడు కలడు. ఆయనకే ఇలూవతార్ అని నామాంతరము. ఆయన సంకల్పము నుండి జనించిన దివ్యాత్మలు ఐనూరులు. మొదట వారు ఒక్కొక్కరుగను, కొలదిమంది కూడియు పాడుకొనుచుండిరి; ఒకరినొకరు వినుచు వినుచు క్రమముగా సామరస్యము నెరిగిరి. అంతట ఇలూవతార్ వారినందరిని రావించి, ఒక మహత్తరమైన ఇతివృత్తమును వినిపించి, దానిని మీమీ భావనలతో అలంకరించి పాడుడని ఆదేశించెను. గురువు పల్లవి నొసగి శిష్యులను తమ మనోధర్మము మేరకు విస్తరింపుమన్నట్లే యున్నది గదా! వీణలవలెను, వేణువులవలెను, కాహళులవలెను వారి కంఠములు లేచి, ఆ నాదము సన్నిధిని నింపి శూన్యములోనికి పొంగి ప్రవహించెను.

అప్పుడు అందరికంటె అధిక శక్తియు అధిక జ్ఞానమును పొందిన మెల్కోర్ అనువాడు తన పాలి స్వరమునకు మహిమ చాలదని తలచి, ఇతివృత్తమునకు పొందని భావములను గానమున చొప్పించెను. సమీపమున నున్నవారు తడబడిరి. కొందరు తమ స్వరమును విడిచి వాని స్వరమునకే శ్రుతి కలిపిరి. ఇలూవతార్ వానిని వెడలగొట్టలేదు, గానమును ఆపి మొదటినుండి పాడుమనలేదు. మందహాసముతో ఎడమచేయి యెత్తి రెండవ ఇతివృత్తమును ఆరంభించెను. అపస్వరము మరల చెలరేగగా గంభీరవదనుడై కుడిచేయి యెత్తి మూడవదానిని ఆరంభించెను. ఈ మూడవది మృదువుగా, సుకుమారముగా మొదలైనను ఎంత ఘోషకును అణగిపోలేదు.

గాథ యంతటికిని ప్రాణము ఇచ్చటనే కలదని నా విశ్వాసము. ఇప్పుడు ఏకకాలమున రెండు సంగీతములు సాగుచున్నవి: ఒకటి విశాలము, మందగతి, దుఃఖసమ్మిశ్రము, ఆ దుఃఖము వలననే అధిక సుందరము, రెండవది కొలది స్వరములనే పదేపదే మ్రోగించు డాంబికమైన ఘోష. ఆ ఘోష మొదటిదానిని ముంచివేయ యత్నించును. కాని దాని విజయస్వరములే మొదటిదాని రచనలో అంగములై ఒదిగిపోవును. తుదకు ఇలూవతార్ రెండు చేతులును ఎత్తగా, అగాధము కంటె లోతును ఆకాశము కంటె ఎత్తును గల ఒక్క మహాస్వరసమ్మేళనముతో గానము నిలిచిపోయెను. మిత్రులను కోల్పోయిన యువకుడు కీడునకు స్థానము లేని లోకమును కల్పించుకొనవచ్చును. అట్టి సులభమార్గమును టోల్కీన్ ఎన్నుకొనలేదు.

మనకు నాదమే బ్రహ్మము. పదుమూడవ శతాబ్దమున శార్ఙ్గదేవుడు ‘సంగీతరత్నాకర’మున నాదబ్రహ్మమునే ఉపాసించెను. ఆ నాదము అఖండము, ఆనందస్వరూపము. భక్తుడగు రోమన్ కాథలికుడైన టోల్కీన్ త్రోవ వేరు. ఆయన లోకమున గానము స్వయముగా దైవము కాదు. దైవము ఒసగగా పలువురు స్వేచ్ఛతో పాడినది. స్వేచ్ఛ కలదు గనుకనే అపస్వరమునకును అవకాశము కలిగినది.

గానానంతరము ఇలూవతార్ ఐనూరులకు వారు పాడినదానినే దృశ్యముగా చూపెను. జలాధిపతియగు ఉల్మోకు అందు ఒక విషయము గోచరించినది. మెల్కోర్ కల్పించిన తీవ్రశీతము జలమును నశింపజేయలేదు సరిగదా, హిమముగను మంచుపూలుగను మార్చినది. వాని మితిలేని తాపము నుండి మేఘమాలలును వర్షమును పుట్టినవి. జలము తాను భావించినదానికంటె సుందరమైనదని ఉల్మో సంతసించెను. ఆ మహాగానపు ప్రతిధ్వని భూమిపై మరి దేనియందును లేనంతగా జలమునందు నిలిచియున్నదనియు, అందుచేతనే సముద్రఘోషను ప్రాణులు తృప్తి తీరక ఆలకించుచుందురనియు గాథ చెప్పును.

ఆ దృశ్యము పూర్తికాకమునుపే అదృశ్యమయ్యెను. ఇలూవతార్ ఆజ్ఞతో జగత్తు సత్యముగా వెలసినప్పుడు, అందులోనికి దిగివచ్చిన ఐనూరులు చూచి విస్మితులైరి: అచ్చట ఏమియు నిర్మితము కాలేదు! పాడినది భావనమాత్రమే, పర్వతములను లేపుట, సముద్రములను త్రవ్వుట యుగయుగముల శ్రమగా ముందున్నది. ఈ ఘట్టము నాకు మిక్కిలి ప్రియము. గానము చేసినవారే దానిని చేతులతో నిర్మింపవలసివచ్చినది. మెల్కోర్ అడుగడుగునను వారి నిర్మాణమును కూల్చుచునే యుండెను.

మానవులు ఐనూరుల భావన నుండి పుట్టినవారు కారు. ఎల్ఫులను మరియొక జాతితో పాటు వారును ఇలూవతార్ తానే ప్రవేశపెట్టిన మూడవ ఇతివృత్తముతో వచ్చినవారు. తక్కిన సర్వమునకు ఆ గానము విధివంటిది. మానవులకు మాత్రము దానిని అతిక్రమించి తమ జీవితమును తీర్చిదిద్దుకొను శక్తి వరముగా లభించినది. మరణముకూడ వారికి వరముగనే ఒసగబడినది. వారు లోకమును విడిచి ఎచ్చటికి పోవుదురో ఎల్ఫులెరుగరు. యుగాంతమున ఇలూవతార్ సన్నిధిని మొదటిదానికంటె గొప్పదగు మరియొక గానము జరుగునని ప్రతీతి. ఆనాడు మానవులును ఐనూరులతో కూడి పాడుదురు. ప్రతి గాయకుడును తన పాలి స్వరము యొక్క అర్థమును పూర్ణముగా నెరిగి పాడును.