యానాం: ఒక చిన్న ఊరి పెద్ద దస్తావేజులు

కొండవీడు కోటను చూడవచ్చిన విద్యార్థులకు నేను తప్పక చెప్పే సంగతి ఒకటుంది. 1750ల తొలినాళ్ళలో నిజాం సలాబత్ జంగ్ ఈ సీమను ఫ్రెంచివారికి ధారాదత్తం చేశాడు. కొండ దిగువన గుంటూరు పట్టణం పెరగడానికి ఆ పరాసుల కాలమే కారణమని జిల్లా చరిత్రలు చెబుతాయి. 1759లో మచిలీపట్నం కోట ఆంగ్లేయుల వశం కావడంతో ఆ ఏలుబడి ముగిసింది. ఆ తరువాత గుంటూరు సర్కారు బసాలత్ జంగ్ జాగీరై, 1788లో కుంపిణీ చేతికి చిక్కింది. ఇక్కడ పరాసుల గుర్తులు దాదాపు ఏమీ మిగలలేదు. మచిలీపట్నంలో ఫరాసుపేట అన్న పేరు మాత్రం మిగిలింది.

తెలుగునేలపై వారు నిలదొక్కుకున్న ఊరు యానాం ఒక్కటే. కాకినాడకు సమీపాన, గోదావరి పాయల ఒడిలో ఉన్న చిన్న పట్టణమది. 1723లో అక్కడ వర్తకశాల తెరిచారు. లాభం లేదని 1727లో మూసివేశారు. 1742లో మళ్ళీ వచ్చారు. ఐరోపాలో యుద్ధం వచ్చినప్పుడల్లా ఆంగ్లేయులు ఊరిని పట్టుకోవడం, సంధి కుదిరినప్పుడల్లా తిరిగి ఇచ్చివేయడం జరిగింది. 1814 పారిస్ సంధి తరువాత గాని స్థిమితం కలుగలేదు. 1828లో రియూనియన్ ద్వీపపు చెరకు తోటలకు తెలుగు కూలీలతో ఓడ బయలుదేరింది ఈ రేవు నుంచే. 1839 నవంబరు తుపాను పక్కనున్న కోరంగి రేవును తుడిచిపెట్టింది.

ఓడల కథ అందరూ చెప్పేదే. నన్ను ఆకర్షించింది ఆ ఊరి కాగితాల కథ.

1819 జనవరి 6న ఫ్రెంచి ప్రభుత్వం ఒక శాసనం చేసింది. క్రైస్తవులు, ముస్లిములు, హిందువులు ఎవరి ధర్మశాస్త్రం, ఆచారం ప్రకారం వారికి తీర్పు చెప్పాలన్నది దాని సారం. ఆ పత్రంలో మనవారిని 'మూర్లు' అని పేర్కొన్నారు. పరాయి పాలకుడు ప్రజల కుటుంబ ధర్మంలో వేలు పెట్టనని రాతపూర్వకంగా ఒప్పుకోవడం ఆ రోజుల్లో చిన్న విషయం కాదు. 1880లో జనన మరణాలను, వివాహాలను అధికారి వద్ద నమోదు చేయించే పద్ధతి స్థానికులకూ విస్తరించింది. నికాహ్ మన రీతిలోనే జరిగేది. దానికి ప్రభుత్వ పుస్తకంలో ఒక పంక్తి ఉండేది.

మరుసటి ఏడాది, 1881 సెప్టెంబరు 21న, మరో ద్వారం తెరిచారు. ఇష్టమైనవారు తమ ధర్మశాస్త్రాన్ని వదులుకుంటున్నట్లు అధికారి ముందు ప్రకటించి, ఒక ఇంటిపేరు స్వీకరించి, ఫ్రెంచి పౌరస్మృతి కిందికి వెళ్ళవచ్చు. అలా వెళ్ళినవారిని 'రెనాన్సాంట్లు' అన్నారు. ఆ ప్రకటనకు తిరుగులేదు. అది సంతానానికీ వర్తిస్తుంది. క్రైస్తవులు, కులం పేర అణగారినవారు ఎక్కువగా ఆ దారి పట్టారు. సమానత్వం కోరి వెళ్ళినవారిని తప్పుపట్టే హక్కు నాకు లేదు. కాని ఆ స్మృతి అన్ని విషయాల్లోనూ ముందున్నదని అనుకోవడం పొరపాటు. 1891 వరకు ఫ్రెంచి చట్టంలో రక్తసంబంధీకులు ఉండగా భర్త ఆస్తిలో భార్యకు వారసత్వంగా ఏమీ వచ్చేది కాదు. దంపతుల ఉమ్మడి ఆస్తిలో ఆమె భాగం వేరే సంగతి. షరీఅత్‌లో సంతానం ఉన్న భర్త మరణిస్తే భార్యకు ఎనిమిదో వంతు, సంతానం లేకపోతే నాలుగో వంతు ఖాయం. నేటికీ షరీఅత్ చట్టం పుదుచ్చేరి ప్రాంతపు రెనాన్సాంట్లకు వర్తించదని 1968లో చేర్చిన నిబంధన ఉంది.

యానాం చట్టం వేరు కావడం మంచికే కాక చెడుకూ ఉపయోగపడింది. 1929 నాటి శారదా చట్టం బ్రిటిష్ ఇండియాలో పద్నాలుగేళ్ళ లోపు బాలికల పెళ్ళిని నిషేధించగానే, చుట్టుపక్కల జిల్లాలవారు బళ్ళు కట్టుకొని యానాం వెళ్ళి పసిపిల్లలకు పెళ్ళిళ్ళు చేశారు. సరిహద్దు దాటితే తప్పు ఒప్పైపోతుందనుకోవడం మనిషికి పాత అలవాటే.

1954 జూన్ 13న దడాల రఫేల్ రమణయ్య నాయకత్వంలో యానాం విముక్తమైంది. నవంబరు 1న పాలన భారతదేశానికి బదిలీ అయింది. 1956లో సంతకమైన ఒప్పందం 1962 ఆగస్టు 16న గాని అమలుకు రాలేదు. ఆనాటి నుంచి ఆరు నెలల లోపు కోరుకున్నవారు ఫ్రెంచి పౌరసత్వం నిలుపుకోవచ్చు. ఆ ఊళ్ళో నేటికీ ఫ్రెంచి పౌరులున్నారు. ఫ్రాన్సు ఎన్నికల్లో వారికి ఓటుంది. అదంతా తాతల నాటి నమోదు పుస్తకంలోని ఒక పంక్తి మీద నిలబడి ఉంది.

ఇది చదువుతున్నప్పుడు నాకు ఒక సోదరి గుర్తుకొచ్చింది. ఆమె భర్త మిర్చి యార్డులో హమాలీ. అతడు మరణించాక వితంతు పింఛను కోసం నికాహ్‌నామా అడిగారు. ముప్పై ఏళ్ళ కిందటి రిజిస్టరును చెదలు తినివేసింది. నికాహ్ చదివించిన ఖాజీ సాహెబ్ లేరు. ఇద్దరు సాక్షులలో ఒకరు మరణించారు. రెండోవారు చిలకలూరిపేటలో ఉన్నారని తెలిసి, ఆమె కుమారుడు వెళ్ళి బతిమాలి తీసుకువచ్చాడు. ఆ వృద్ధుడు వణుకుతున్న చేతితో వాంగ్మూలంపై సంతకం చేస్తుంటే, ఆమె మహర్ ఎంతో ఎవరికీ గుర్తులేదని కూడా బయటపడింది. అప్పును రాసుకోమని దివ్యఖుర్‌ఆన్ ఆదేశిస్తుందని పిల్లలకు పాఠం చెప్పే నేను ఆ రోజు తల దించుకున్నాను.

ఇప్పుడు మా మసీదులో నికాహ్‌నామా మూడు ప్రతులు రాస్తున్నాము. ఒకటి మసీదు బీరువాలో, ఒకటి వరుని ఇంట ఉంటాయి. మూడోది వధువు చేతికే ఇస్తాము; మహర్ మొత్తాన్ని అంకెల్లోనూ అక్షరాల్లోనూ రాసి, ఆమెకు చదివి వినిపించాకనే.