వాఫుల్ ఎందుకు మెత్తబడింది?

తేనెపట్టును మీరు చూసే వుంటారు. వరసగా గదులు, గదికీ గదికీ మధ్య పల్చని గోడ. జర్మన్ భాషలో తేనెపట్టును ‘వాబె’ అంటారు. డచ్చి వాళ్ల ‘వాఫెల్’ అనే మాట దానికి చుట్టం. ఆ వాఫెలే ఇంగ్లీషులోకి వెళ్లి వాఫుల్ అయింది. బెల్జియం, హాలండు, అమెరికా దేశాల్లో ఇళ్లలో చేసుకునే వంటకం అది. గళ్లు గళ్లుగా వున్న రెండు ఇనుప పలకల మధ్య పిండి పోసి, మూసి, కాలుస్తారు. పైన కరకర, లోపల మెత్తన. ఈమధ్య మన పట్టణాల్లో కూడా ఈ దుకాణాలు వెలిశాయి.

మా తొమ్మిదో తరగతి అమ్మాయి ఒకతె ఒకరోజు లేచి, “మాస్టారూ, దుకాణంలో తిన్నప్పుడు వాఫుల్ అప్పడంలా విరిగింది. తమ్ముడి కోసం పెట్టెలో కట్టించుకుని ఇంటికి తెచ్చేసరికి తడిసిన అట్టలా వేలాడింది. పది నిమిషాల్లో ఏం జరిగింది?” అని అడిగింది. నేను ఇరవై ఎనిమిదేళ్లుగా సైన్సు చెబుతున్నాను గాని ఆ రోజు “గాలికి మెత్తబడి వుంటుందిలే” అని తప్పించుకున్నాను. అది సరైన జవాబు కాదని నాకూ తెలుసు, ఆ అమ్మాయికీ తెలుసు. అందుకని ఆదివారం నాడు పక్కింటి వారి కరెంటు వాఫుల్ పెనం అరువు తెచ్చి వంటింట్లో దిగాను.

(మీ చుట్టాలెవరైనా అమెరికా నుంచి ఇలాంటి పెనం తెచ్చి వుంటే, దాన్ని సరాసరి మన ప్లగ్గుకు తగిలించకండి. అక్కడి సరఫరా 120 వోల్టులు, మనది 230. నిరోధం మారనప్పుడు విద్యుత్ సామర్థ్యం వోల్టేజి వర్గానికి అనులోమంగా పెరుగుతుంది గదా! లెక్క వేస్తే సుమారు 3.7 రెట్లు. పెనం మాడిపోతుంది, ఇంకా పెద్ద ప్రమాదమూ జరగవచ్చు.)

పూర్వం యూరపులో ఈ పెనం పెద్ద పటకారులా వుండేది. పొడుగాటి రెండు కాడలు, వాటి చివర రెండు ఇనుప పలకలు. పొయ్యి మంటలో ఒకవైపు కాల్చి, తిప్పి, రెండోవైపు కాల్చేవారు. పొయ్యి మీద కూర్చుని, కాడ పట్టుకు తిప్పితే తిరిగే పెనానికి అమెరికాలో ట్రాయ్ పట్టణానికి చెందిన కొర్నీలియస్ స్వార్ట్‌వౌట్ 1869 ఆగస్టు 24న పేటెంటు పొందాడు. ఇప్పటికీ అమెరికాలో ఆ తేదీని వాఫుల్ రోజుగా జరుపుకుంటారు.

ఇంతకీ ఆ గళ్లు ఎందుకు? తేనో పాకమో నిలవడానికి అంటారు చాలామంది. అదీ నిజమే. కాని అసలు సంగతి వేడికి సంబంధించింది. ఒక లెక్క చూడండి. ఒక్కొక్క గుంట 1.5 సెంటీమీటర్ల చదరం, లోతు 1 సెంటీమీటరు, గుంటకూ గుంటకూ మధ్య గోడ మందం అర సెంటీమీటరు అనుకుందాం. అప్పుడు 2 సెంటీమీటర్ల చదరానికి ఒక గుంట వస్తుంది. గుంట లేకపోతే ఆ చోటు వైశాల్యం 4 చదరపు సెంటీమీటర్లు. గుంట వుంటే దాని నాలుగు పక్కగోడలు 4 × 1.5 × 1, అంటే మరో 6 కలుస్తాయి. మొత్తం 10. అంటే ఉపరితలం రెండున్నర రెట్లయింది! కరకరలాడేది ఉపరితలమే కాబట్టి కరకర కూడా రెండున్నర రెట్లే.

మరొక లాభం కూడా వుంది. అర సెంటీమీటరు గోడలో మధ్యనున్న పిండి వేడి ఇనుముకు పావు సెంటీమీటరు దూరంలోనే వుంటుంది. అదే రెండున్నర సెంటీమీటర్ల మందం గల చదునైన రొట్టె అయితే, నడిమి పిండికి వేడి ఒకటింబావు సెంటీమీటరు ప్రయాణం చెయ్యాలి. దూరం ఐదు రెట్లు. పదార్థంలో వేడి వ్యాపించడానికి పట్టే కాలం దూరం వర్గాన్ని బట్టి పెరుగుతుంది కాబట్టి, కాలం సుమారు ఇరవై ఐదు రెట్లు! ఆ నడుము ఉడికేలోపు పైన బొగ్గవుతుంది.

ఇక పిండి. మైదా 250 గ్రాములు, బేకింగ్ పౌడరు మూడు టీ చెంచాలు, పంచదార రెండు పెద్ద చెంచాలు, ఉప్పు అర టీ చెంచా. ఇవి ఒక గిన్నెలో. మరో గిన్నెలో పాలు 400 మిల్లీలీటర్లు, కరిగించి చల్లార్చిన వెన్న 110 గ్రాములు, రెండు గుడ్ల పచ్చసొన. తెల్లసొన విడిగా వుంచి, నురుగు నిలబడేదాకా గిలక్కొట్టాలి. పచ్చసొన చుక్క పడినా నురుగు సరిగా రాదు. పచ్చసొనలోని కొవ్వు, నురుగు బుడగలకు పొరలా ఏర్పడే మాంసకృత్తులకు అడ్డు పడుతుంది. అదే పచ్చసొనలోని లెసిథిన్ అనే పదార్థం మాత్రం వెన్ననూ పాలనూ విడిపోకుండా కలిపి వుంచుతుంది. ఒకే గుడ్డులో ఒకటి మరొకదానికి పని చెడగొట్టేది, ఇంకొకచోట పనికొచ్చేది!

పాలను మైదాలో పోశాక గరిటె అట్టే తిప్పకూడదు. మా ఆవిడ దోసెపిండి కలిపిన అలవాటుతో వుండలు పోయేదాకా తిప్పబోతే నేను ఆపాను. మైదాలో గ్లుటెనిన్, గ్లయడిన్ అనే రెండు మాంసకృత్తులున్నాయి. నీరు తగిలి, కలిపేకొద్దీ ఇవి ముడిపడి గ్లుటెన్ అనే సాగే వల అవుతుంది. కావాలంటే మైదా ముద్దను కుళాయి కింద పిసుకుతూ కడగండి. తెల్లని పిండి పదార్థం కొట్టుకుపోయి రబ్బరులాంటి ముద్ద చేతిలో మిగులుతుంది. అదే గ్లుటెన్. పరోటాకు అది కావాలి. వాఫుల్‌కు వద్దు, తోలులా సాగుతుంది. చిన్న చిన్న వుండలున్నా పరవాలేదు. ఆఖరున తెల్లసొన నురుగును పైపైన కలపాలి.

నా మొదటి ప్రయత్నం ఎలా తగలబడిందో చెప్పాలి. ఇంట్లో బేకింగ్ పౌడరు లేదు. తినే సోడా వుంది. రెండూ ఒకటే గదా అని చెంచాన్నర వేశాను. సైన్సు మాస్టారు చెయ్యవలసిన పని కాదది! వాఫుల్ చూడటానికి మంచి ముదురు రంగులో వచ్చింది. నోట్లో పెడితే సబ్బు. తినే సోడా అంటే సోడియం బైకార్బొనేటు. దానికి తగిన ఆమ్లం తోడు లేకపోతే వేడికి తనంతట తానే విడిపోతుంది. రెండు అణువుల సోడా నుంచి ఒక అణువు కార్బన్ డయాక్సైడు, ఒక అణువు నీరు, మిగిలినది సోడియం కార్బొనేటు. అంటే బట్టలుతికే సోడా! సబ్బు రుచి ఎక్కడిదో తెలిసిందా? ముదురు రంగుకు కారణమూ ఆ క్షారమే.

ఆమ్లం తోడుంటే కథ వేరు. ఒక్కో అణువు సోడాకు ఒక్కో అణువు కార్బన్ డయాక్సైడు వస్తుంది. అర టీ చెంచా సోడా, అంటే సుమారు రెండున్నర గ్రాములు తీసుకోండి. 84 గ్రాముల సోడా నుంచి మామూలు ఉష్ణోగ్రత దగ్గర సుమారు 24 లీటర్ల వాయువు రావాలి. ఆ లెక్కన రెండున్నర గ్రాములకు 700 మిల్లీలీటర్ల పైచిలుకు. అర చెంచా పొడిలో దాదాపు ముప్పాతిక లీటరు గాలి దాక్కుందన్నమాట! బేకింగ్ పౌడరులో సోడాతోపాటు తగుపాళ్లలో పొడి ఆమ్ల లవణం, రెండూ తొందరపడి కలవకుండా మధ్య కాస్త పిండి పదార్థం వుంటాయి. అది దొరకకపోతే పాలకు బదులు పుల్లమజ్జిగ పోసి, అర టీ చెంచా సోడా వేస్తే సరిపోతుంది. లాక్టిక్ ఆమ్లం ఆ పని చేస్తుంది.

బెల్జియం వారి సంప్రదాయ వాఫుల్‌లో ఈ పొడులుండవు. ఈస్టుతో పులియబెడతారు. బ్రస్సెల్స్ నగరం తరహాలో చేసిన అలాంటి వాఫుల్‌ను 1964లో న్యూయార్కు ప్రపంచ ప్రదర్శనలో స్ట్రాబెరీ పళ్లు, మీగడ నురుగు వేసి అమ్మితే అమెరికన్లు విరగబడి తిన్నారు.

రెండో ప్రయత్నంలో నా తొందర పాడుచేసింది. రెండు నిమిషాలకే మూత ఎత్తాను. వాఫుల్ అడ్డంగా రెండుగా చీలి, సగం పైపలకకూ సగం కింది పలకకూ పట్టుకుంది. గులాబీ పువ్వులు వండేటప్పుడు మీ అమ్మగారినో అమ్మమ్మగారినో గమనించండి. కాగిన అచ్చును పిండిలో ముంచి నూనెలో పెట్టగానే పువ్వు వదలదు. తడి ఆరి గట్టిపడ్డాకే అచ్చును వదిలి తేలుతుంది. వాఫుల్ కూడా అంతే. అట్ట కట్టకముందే లాగితే లోపలి పచ్చిపిండి దగ్గర తెగుతుంది.

పెనానికి అంటుకోవడంలో నాకన్నా ఘనుడున్నాడు లెండి. 1971లో అమెరికాలో బిల్ బవర్‌మన్ అనే పరుగుపందేల శిక్షకుడు బూట్ల అడుగుకు మంచి పట్టు కోసం ఆలోచిస్తూ, ఇంట్లోని వాఫుల్ పెనంలో యురెథేన్ ద్రవం పోశాడు. అంటుకోకుండా ఏమీ పుయ్యలేదు. పెనం మళ్లీ తెరుచుకోలేదు. కాని ఆ ఆలోచన నుంచే నైకీ కంపెనీ వారి గళ్ల అడుగు బూట్లు వచ్చాయి.

మరి ఎప్పుడు తెరవాలి? దానికి గడియారం అక్కర్లేదు, ఆవిరిని చూస్తే చాలు. పిండి పోసి మూసిన అరనిమిషంలో పలకల సందుల్లోంచి బుసబుసా ఆవిరి మొదలవుతుంది. ఉపరితలంలో తడి వున్నంతసేపూ అక్కడి ఉష్ణోగ్రత 100 డిగ్రీల సెంటీగ్రేడు దగ్గరే ఆగిపోతుంది. ఇచ్చిన వేడంతా నీటిని ఆవిరి చెయ్యడానికే సరిపోతుంది. ఒక గ్రాము నీటికి 540 కేలరీల గుప్తోష్ణం అని మీరు చదువుకున్నారు. ఒక వాఫుల్ నుంచి 30 గ్రాముల నీరు పోయిందనుకుందాం. 16,200 కేలరీలు. అంటే దాదాపు 68,000 జౌళ్లు. 800 వాట్ల పెనం ఒక్క ఆ పనికే 85 సెకన్లు పనిచెయ్యాలి, అదీ వేడి ఏమాత్రం బయటికి పోకుండా వుంటే!

ఉపరితలం ఆరాక ఆవిరి పల్చబడుతుంది. అప్పటిదాకా 100 దగ్గర కట్టేసినట్లున్న ఉష్ణోగ్రత పైకి లేస్తుంది. 140 డిగ్రీలు దాటేసరికి మాంసకృత్తుల్లోని అమినో ఆమ్లాలు, పాలలోని చక్కెరలు జోరుగా చర్య జరుపుతాయి. బంగారు రంగు, కమ్మని వాసన పుట్టుకొస్తాయి. 1912లో ఈ చర్యను వర్ణించిన ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లూయీ కమీల్ మయ్యార్ పేరుతోనే దీన్ని మయ్యార్ చర్య అంటారు. ఆవిరి దాదాపు ఆగిన తరువాత మరి కాసేపుంచి తెరిస్తే వాఫుల్ తనంతట తాను వదులుతుంది. మూడోసారి నేను అలాగే చేశాను, వచ్చింది. పెద్దవాళ్లు పక్కనుండగానే చెయ్యండి. ఆ ఆవిరి చెయ్యి కాలుస్తుంది.

ఇప్పుడు ఆ అమ్మాయి ప్రశ్నకు వద్దాం. వచ్చిన వాఫుళ్లలో ఒకదాన్ని జల్లెడ మీద పెట్టాను. ఒకదాన్ని పళ్లెంలో పెట్టి గిన్నె బోర్లించాను. పది నిమిషాల తరువాత జల్లెడ మీది వాఫుల్ టక్కున విరిగింది. గిన్నె కిందది వేలాడింది. గిన్నె లోపలంతా నీటి చుక్కలు. గాలిది తప్పేమీ లేదన్నమాట, గాలి తగలకపోవడమే తప్పు!

వాఫుల్ పెనంలోంచి బయటికి వచ్చినా లోపలి మెత్తటి భాగంలో నీరు వుంటుంది. వేడిగా వుంటుంది కాబట్టి అది ఆవిరై పైపొర గుండా బయటికి పోతూనే వుంటుంది. పైపొరలోని పిండి పదార్థం నీరు కోల్పోయి గాజులాగా పెళుసుగా వుంటుంది. ఆవిరికి దారి వుంటే పొర అలాగే నిలుస్తుంది. దారి మూస్తే ఆవిరి చల్లబడి నీరై, ఆ పొరలోకే ఇంకుతుంది. కొద్దిపాటి నీరు చేరితే చాలు, గాజు స్థితి పోయి రబ్బరు స్థితి వస్తుంది. వేడి వేడి గారెలను మూత పెట్టిన గిన్నెలో వుంచితే అయ్యేదీ ఇదే. మెత్తబడ్డ వాఫుల్‌ను మళ్లీ రెండు నిమిషాలు వేడి పెనంలో పెట్టి చూశాను. పైపొర నీరు ఆరి కరకర తిరిగి వచ్చింది. కాకపోతే లోపల కాస్త గట్టిపడింది.

సోమవారం తరగతిలో ఇదంతా చెప్పాను. ఆ అమ్మాయి శ్రద్ధగా విని, “మాస్టారూ, దుకాణం వాళ్ల పెట్టె పక్కలకు చిన్న బెజ్జాలున్నాయి. అయితే అవి ఆవిరి పోవడానికేనా?” అంది. అవునన్నాను. “మరి ఆ పెట్టెను పాలిథిన్ సంచిలో పెట్టి, మూతి ముడేసి ఇచ్చారే!” అంది.