ఇల్లు ఖాళీ చేయించినా అద్దె బాకీకి వేరే దావా
మూడేళ్లు దాటిన నెలల సొమ్ము దక్కదు

సికింద్రాబాద్: ఊళ్లో రెండెకరాలు అమ్మి సికింద్రాబాద్‌లో చిన్న ఇల్లో, మడిగెనో కొని, వచ్చే అద్దెతో రోజులు గడుపుకునేవారు పల్లెల్లో ఉన్నారు. అద్దెదారు డబ్బు ఆపేస్తే కోర్టుల చుట్టూ తిరిగి ఎలాగో ఖాళీ చేయిస్తారు. తాళంచెవి చేతికి రాగానే వ్యాజ్యం ముగిసిందనుకుంటారు. పాత బాకీ మాటేమిటని వకీలును అడిగేసరికి అందులో సగం కాలదోషం పట్టిపోయి ఉంటుంది.

1963 నాటి కాలపరిమితి చట్టం ప్రకారం అద్దె బకాయికి మూడేళ్లే గడువు. ఆ మూడేళ్లు ఇల్లు ఖాళీ అయిన రోజు నుంచి కాదు, ఏ నెల అద్దెకు ఆ నెల నుంచే లెక్క. ఒక జనవరి అద్దె ఆ నెలాఖరుకు ఇవ్వవలసి ఉంటే మూడేళ్ల తర్వాతి జనవరి ఆఖరులోగా దావా పడాలి. ఖాళీ కేసు నడుస్తున్నదని గడియారం ఆగదు. గడువులోగా అద్దెదారు బాకీ ఒప్పుకుంటూ సంతకం చేసి కాగితం రాసిస్తే మాత్రం ఆ తేదీ నుంచి మళ్లీ మూడేళ్లు దొరుకుతాయి. నోటిమాట చెల్లదు.

ఏ కోర్టుకు వెళ్లాలన్నది అద్దెను బట్టి ఉంటుంది. 1960 నాటి అద్దె నియంత్రణ చట్టానికి 2005లో చేసిన సవరణ ప్రకారం, నగరపాలక సంస్థ పరిధిలో నెలకు 3,500 రూపాయలు మించిన అద్దె గల కట్టడాలకు ఆ చట్టం వర్తించదు. అంతకు లోపు అద్దె ఉన్నవారు రెంట్ కంట్రోలర్ వద్దకు వెళ్తారు. ఆయన ఖాళీ చేయమని ఉత్తర్వు ఇస్తారే గాని పాత బాకీకి డిక్రీ ఇవ్వరు. దానికి సివిల్ దావా వేయాల్సిందే. అయితే అదే చట్టం 11వ సెక్షన్ ఇంటి యజమానికి గట్టి ఆసరా. బకాయి అంతా కట్టి, ముందు ముందు నెలనెలా కడుతూ ఉంటేనే అద్దెదారుకు కేసు పోరాడే హక్కు. ఈ దరఖాస్తు ఆరంభంలోనే వేయించుకోవాలి.

అద్దె 3,500 దాటితే పదిహేను రోజుల నోటీసు ఇచ్చి సివిల్ కోర్టులో దావా వేయాలి. ఖాళీతోపాటు బకాయిని, గడువు తీరాక ఉన్నన్నాళ్లకు నష్టపరిహారాన్ని కూడా అందులోనే అడగవచ్చు. ఈ పరిహారాన్నే వకీళ్లు మెస్నె ప్రాఫిట్స్ అంటారు. అది పాత అద్దె దగ్గరే ఆగనక్కరలేదు. ఢిల్లీలోని ఒక దుకాణానికి నెలకు 371 రూపాయల 90 పైసలు అద్దె. ఖాళీ ఉత్తర్వుపై అప్పీలు నడిచినంతకాలం నెలకు 15,000 కట్టాలన్న షరతును 2004 డిసెంబరులో సుప్రీంకోర్టు సమర్థించింది. అప్పీళ్లతో ఏళ్లు సాగదీసేవారికి ఇది మింగుడుపడని తీర్పే.

డిక్రీ వచ్చాక అమలుకు పన్నెండేళ్ల వ్యవధి ఉంది. అద్దెదారు వరంగల్‌కో, నిజామాబాద్‌కో మకాం మార్చినా డిక్రీని అక్కడి కోర్టుకు పంపించవచ్చు. ఉద్యోగి అయితే జీతంలో మొదటి వెయ్యి వదిలి, మిగిలినదానిలో మూడోవంతు జప్తు అవుతుంది. 31,000 జీతగాడి నుంచి నెలకు 10,000 అన్నమాట. కూలి డబ్బు, వంటపాత్రలు, కట్టుబట్టలు, చేతిపని పనిముట్లు ముట్టుకోవడానికి వీల్లేదు. అద్దెదారు ఇచ్చిన అడ్వాన్సు చేతిలో ఉంటే బాకీలో ముందే మినహాయించి లెక్క చూపాలి.

కోపం కొద్దీ కరెంటు తీయించడం, నీళ్లు ఆపడం వంటివి చేస్తే కేసు ఎదురు తిరుగుతుంది. నియంత్రణ చట్టమే 14వ సెక్షన్‌లో దాన్ని నిషేధించింది.

కొద్దిపాటి బాకీకి దావా ఖర్చు దండగ అనుకునేవారు దావా వేయకముందే న్యాయసేవాధికార సంస్థకు దరఖాస్తు పెట్టుకుని లోక్ అదాలత్‌లో కూర్చోవచ్చు. ఇరుపక్షాలూ ఒప్పుకుంటే అక్కడి అవార్డు సివిల్ కోర్టు డిక్రీతో సమానం, దానిపై అప్పీలు లేదు. వెళ్లేటప్పుడు ఒప్పందపత్రం, రసీదులు, అద్దె జమ అయిన బ్యాంకు పాసుపుస్తకం, నోటీసు అందిన పోస్టాఫీసు రసీదు వెంట ఉండాలి.